చెప్పుల దగ్గర నిలబడ్డవాడు

ఇందులో ప్రతి అక్షరం నిజం. గోదావరి పాయలో మోకాలి లోతుకు దిగి, దోసిట్లో నీళ్ళు పట్టుకుని మరీ ఒట్టేస్తున్నాను. రాయడానికి ఒక చెయ్యి కావాలి కాబట్టి దోసిలి కాస్త వదులైంది, నీళ్ళు కొన్ని కారిపోయాయి. మిగిలినన్ని నీళ్ళ మీద మాత్రం ఒట్టు గట్టిదే.

ఈ జాగ్రత్త ఎందుకంటే నేను కోతలు కోస్తానని మా ఊళ్ళో ఒక పేరుంది. మా కాలవలో పట్టిన వాలుగ చేప తోక రేవులో ఉండగానే తల వంతెన దాటిపోయిందని నేను చెప్పినట్టు ప్రచారం చేస్తారు. నేనలా అనలేదు. వంతెన దాకా వచ్చిందన్నాను, దాటిందనలేదు. ఇలాంటి తేడాలు పట్టించుకోని ఊళ్ళో మనిషి మాటకి విలువేముంటుంది?

సరే, ఇందులో చేపలు లేవు. ఒక స్నేహితుడు ఉన్నాడు. వాడు నాకు చేసిన మోసం ఉంది. ఇరవై నాలుగేళ్ళుగా మింగలేక కక్కలేక ఉన్న సంగతి, మొన్న మా అల్లుడు భోజనానికి వచ్చినప్పుడు గొంతులోకి వచ్చేసింది.

మా అమ్మాయికి రెండో కాన్పయి ఐదు నెలలు. అల్లుడు కాకినాడలో ఉద్యోగం చేస్తాడు. మా కోనసీమలో అల్లుడికి అన్నం పెట్టడమంటే తెలుసు కదా, విస్తరి కనపడకూడదు. పనసపొట్టు కూర, మజ్జిగ పులుసు, రెండు రకాల పచ్చళ్ళు, గారెలు. మా ఆవిడ వడ్డిస్తూ అమ్మాయిని అడిగింది.

"ఆపరేషన్ ఎప్పుడు పెట్టుకుంటున్నావే? ఎండలు ముదరకముందే అయిపోతే మంచిది."

అమ్మాయి నవ్వి మొగుడి వైపు చూసింది. అల్లుడు గారె తుంచుతూ అన్నాడు.

"తనకి అక్కర్లేదండి అత్తయ్య గారూ. నేను చేయించేసుకున్నాను. శుక్రవారం వెళ్ళాను, సోమవారం ఆఫీసుకి వెళ్ళిపోయాను. ఇంకొంచెం పులుసు వెయ్యండి."

కారు సర్వీసింగుకి ఇచ్చినంత మామూలుగా చెప్పాడు. మా ఆవిడ చేతిలో గరిటె గాలిలో ఆగిపోయింది. ఆవిడ నా వైపు చూసింది. ఆ చూపు సంగతి తర్వాత చెబుతాను. చూసి, అల్లుడి విస్తట్లో పులుసు పోసింది, పోస్తూనే ఉంది, పచ్చళ్ళు కూడా మునిగిపోయాయి.

ఆ కుర్రాడికి తెలీదు, అదే మాట ఇరవై నాలుగేళ్ళ కిందట మా ఊళ్ళో బయటపడితే ఏమైందో.

ముందు ప్రభ గురించి చెప్పాలి. వెదురు బొంగులతో రెండు నిలువుల ఎత్తు చట్రం కట్టి, రంగు గుడ్డలు చుట్టి, గంటలు వేలాడదీసి, మధ్యలో శివుణ్ణి కూర్చోబెట్టి, తీర్థం రోజున, అంటే మా ఊరి జాతర నాడు, మగాళ్ళు భుజాల మీద మోసుకెళ్తారు. రోడ్డు మీద కాదు. వరిచేలకి అడ్డంపడి, కాలవలో గుండెల లోతు నీళ్ళలోంచి, దేవుడి కాళ్ళు తడవకుండా. పక్క ఊళ్ళో ట్రాక్టరు మీద పెట్టేస్తున్నారు కానీ మావాళ్ళు ఇంకా భుజం దించలేదు. ఏ బొంగు కింద ఏ ఇంటి భుజం ఉండాలో తాతల నాటి నుంచి నడుస్తున్న లెక్క. ఓటర్ల లిస్టులో పేరు పోతే మావాళ్ళు పట్టించుకోరు. ప్రభ కింద చోటు పోతే మాత్రం వాడు మగాళ్ళ లెక్కలోంచి పోయినట్టే.

ముందు వరసలో కుడివైపు బొంగు మా ఇంటిది. మా నాన్నకి మోకాళ్ళు పట్టేసిన ఏడాది, ఆయన తన తువ్వాలు నాలుగు మడతలు పెట్టి నా భుజం మీద వేశాడు. రెండుసార్లు తట్టాడంతే. ఆ బొంగు రాసుకుని రాసుకుని నా కుడి భుజం మీద కాయ కాసింది. ఇప్పటికీ స్నానం చేస్తుంటే సబ్బు అక్కడ తడబడుతుంది.

నా వెనక బొంగు నా స్నేహితుడిది. చుట్టరికం లేకపోయినా ఒకళ్ళనొకళ్ళం బావా అనుకునేవాళ్ళం. ఒకే ఏడాది పెళ్ళిళ్ళు చేసుకున్నాం, రెండో కాన్పులు కూడా రెండిళ్ళలో పదిహేను రోజుల తేడాలో వచ్చాయి. ఇద్దరి భార్యలకీ రక్తం లేదు. మంచం మీంచి లేస్తే కళ్ళు తిరిగి గోడ పట్టుకునేవాళ్ళు. ఇప్పుడు ఆపరేషన్ వద్దు, కాస్త బలం రానివ్వండి అన్నారు డాక్టరమ్మ.

ఆ రోజుల్లో ఊళ్ళు తిరిగే నర్సమ్మ ఒకావిడ ఉండేది. సైకిల్ మీద వచ్చేది. ఒకరోజు నా జిరాక్స్ షాపు ముందు బల్ల మీద మేమిద్దరం కూర్చుని ఉంటే స్టాండు వేసి దిగింది.

"ఆడాళ్ళకైతే కడుపు కొయ్యాలండీ. వారం మంచం, నెల రోజులు బిందె ఎత్తకూడదు. మీకైతే కుట్టు కూడా ఉండదు. పావుగంట పని. పొద్దున్న వెళ్ళి మధ్యాహ్నం భోజనానికి వచ్చేయొచ్చు."

"మా ఇద్దరిలో ఎవరికండీ?" అన్నాడు నా స్నేహితుడు.

"ఇద్దరికీనండి! ఒకళ్ళకి చేస్తే రెండోవాళ్ళకి సరిపోద్దేంటి?"

ఆవిడ వెళ్ళిపోయింది. ముందు నేనే అన్నాను.

"మనిషి గోడ పట్టుకుని నడుస్తోంది బావా. దాన్ని కోయించడం నావల్ల కాదు. నేను వెళ్తాను."

"నువ్వు వెళ్తే నేనూ వస్తాను."

"ఒట్టా?"

"ప్రభ మీద ఒట్టు."

ఊళ్ళో జిరాక్స్ మిషన్ పార్టు కోసం వెళ్తున్నామని చెప్పాం. ఇళ్ళల్లో మాత్రం నిజం చెప్పాం. రాజమండ్రి బస్సు గోదావరి వంతెన మీదకి ఎక్కగానే వాడు కిటికీలోంచి రూపాయి బిళ్ళ విసిరి దణ్ణం పెట్టుకున్నాడు.

"ఏం కోరుకున్నావు బావా?"

"ఇద్దరం క్షేమంగా ఇంటికి రావాలని."

ఆ కోరిక తీరింది. అదే నా బాధ.

ఆసుపత్రిలో కాగితాల మీద సంతకాలు పెట్టించుకుని ఇద్దరికీ ఆకుపచ్చ గౌన్లు ఇచ్చారు. వెనక తాళ్ళు కట్టుకునేవి. వాడి తాళ్ళు నేను కట్టాను, నా తాళ్ళు వాడు కట్టాడు. వాడు ముడి వేసి, విప్పి, మళ్ళీ వేశాడు. లోపలికి పిలిచారు.

"బావా, ముందు నువ్వెళ్ళు," అన్నాడు. "నీ చెప్పులు నేను చూస్తుంటాను."

లోపల బల్ల మీద పడుకుని పైన ఫ్యాను రెక్కలు లెక్కపెట్టాను. మూడు. మళ్ళీ లెక్కపెట్టాను, మూడే. డాక్టరు నా బెదురు చూసి మాటల్లో పెట్టాడు.

"ఏం చేస్తుంటారు?"

"ప్రభ మోస్తానండి."

"అది ఏడాదికొక్కసారి కదండీ. మిగతా రోజులు?"

"మిగతా రోజులు అది ఎప్పుడొస్తుందా అని చూస్తానండి."

ఆయన నవ్వాడు. "పది రోజులాగి ఎంత బరువైనా మోసుకోండి. గుడినే మోసుకోండి. మీ బలానికీ మగతనానికీ దీంతో పనిలేదు."

అప్పటికే అయిపోయింది. చీమ కుట్టినంత నొప్పి. కాళ్ళు ఎడంగా వేసుకుంటూ బయటికొచ్చాను. గుమ్మం పక్కన నా చెప్పుల జత ఉంది. ఎవరో శ్రద్ధగా వేళ్ళ వైపు బయటికి తిరిగేలా సర్ది పెట్టారు. బల్ల మీద ఆకుపచ్చ గౌను మడత పెట్టి ఉంది. నా స్నేహితుడు లేడు.

వాడు ఎక్కడికెళ్ళాడో నాకు తెలుసు. వెనక గేటులోంచి బయటపడి, బజారులో రెండు గ్లాసుల చెరుకురసం వరసగా తాగాడు. రెండోది సగం చొక్కా మీద పోసుకున్నాడు. అక్కణ్ణుంచి గోదావరి గట్టుకి వెళ్ళి మెట్ల మీద కూర్చున్నాడు. తిరిగి వెళ్దామని మూడుసార్లు లేచాడు, మూడుసార్లు కూర్చున్నాడు. పక్క మెట్టు మీద బట్టలు ఉతుక్కుంటున్న ముసలావిడ "ఏం బాబూ, ఇంట్లో ఎవరైనా పోయారా?" అని అడిగింది. వాడు అవునని తలూపాడు. ఇవన్నీ నాకెలా తెలుసంటారా? తెలుసు, అంతే.

ఇంటికెళ్ళి భార్యతో చెప్పాడట: "డాక్టరు నాకు బీపీ ఉందన్నాడు. చెయ్యనన్నాడు."

మా ఇంట్లో మాత్రం ఆ సాయంత్రం మా ఆవిడ మంచం మీద ఉతికిన దుప్పటి పరిచింది. గోడ పట్టుకుంటూనే వచ్చి నా కాళ్ళ దగ్గర కూర్చుని, "నొప్పెడుతోందా?" అని అడిగింది. పిల్లల్ని కన్నప్పుడు నేను ఆవిణ్ణి ఆ మాట అడిగానో లేదో గుర్తురాలేదు.

మర్నాడు వాడి దగ్గరికి నేనే వెళ్ళాను. కొడదామని కాదు. ఫ్యాను రెక్కల సంగతి, డాక్టరు మాటలు, అన్నీ చెప్పాను. భయపడ్డావు, పోనీలే, ఇంకోసారి ఇద్దరం కలిసే వెళ్దాం, ఈసారి నీ చెప్పులు నేను చూస్తాను అన్నాను. బీపీ సంగతి ఎవరికీ చెప్పను అన్నాను. వాడు నా చేతులు పట్టుకున్నాడు. కళ్ళు తుడుచుకున్నాడు.

రెండోసారి లేదు. మూడు నెలలకి వాడి భార్యే వెళ్ళి ఆపరేషన్ చేయించుకుంది. రక్తం లేని మనిషి. కుట్లు చీము పట్టాయి, జ్వరం తగ్గలేదు, చంటిపిల్లాణ్ణి నలభై రోజులు ఎత్తుకోలేకపోయింది. వాడు మంచం పక్కన కూర్చుని విసనకర్రతో విసిరేవాడు. వీధిలో ఆడవాళ్ళంతా "ఎంత మంచి మొగుడమ్మా" అనుకున్నారు.

ఆ తర్వాత తీర్థం వచ్చింది. గుడి ముందు మగాళ్ళందరం చేరాం. మెలి మీసాల పెద్దాయన ఒకాయన ఏటా భుజాలు పంచేవాడు. నా వంతు రాగానే తువ్వాలు మడత పెట్టుకుంటూ ముందుకెళ్ళాను. వెనకనుంచి నా స్నేహితుడి గొంతు వినపడింది. ఎంత మెత్తగా ఉందో చెప్పలేను.

"పెద్దయ్యా, బావని ఈసారి వదిలేయండి. ఆపరేషనైంది. బరువెత్తకూడదు కదండీ, పాపం."

"ఏం ఆపరేషన్రా?"

వాడు కాలి బొటనవేలితో మట్టి గీశాడు. "అదేనండి... ఆడాళ్ళు చేయించుకునేది."

నవ్వు మొదలైంది. వెనక వరసలో పుట్టి ముందు వరసకొచ్చింది.

"డాక్టరు మొయ్యచ్చన్నారండీ," అన్నాను.

"డాక్టరుకేం తెలుసయ్యా ప్రభ బరువు? ఆయన మోసేడా ఎప్పుడైనా?" అన్నాడు పెద్దాయన.

ఒక ముసలి రైతు కల్పించుకున్నాడు. "విత్తులు కొట్టించిన ఎద్దుకి పొగరు పోద్దిరా అబ్బాయ్."

"ఇది అది కాదండీ! సరే, అదే అనుకోండి. మీ బండి లాగేది ఏ ఎద్దండీ మరి? ఆ ఎద్దే కదా!"

జనం గొల్లున నవ్వారు. ఈసారి నవ్వు నా పక్షాన ఉంది. గెలిచాననే అనుకున్నాను. పెద్దాయన మీసం మీద చెయ్యేసి అన్నాడు.

"బండి లాగేది ఎద్దే. శివుణ్ణి మోసేది నందిరా."

ఆయన వేలితో కాలవ గట్టు చూపించాడు.

"నువ్వు గట్టు మీద చెప్పుల దగ్గర నుంచో అబ్బాయ్. కుక్కలెత్తుకుపోకుండా చూడు. ఆ ముందు బొంగు ఎవరు పడతారు?"

"నేను పడతానులెండి," అన్నాడు నా స్నేహితుడు.

వాడెందుకలా చేశాడో నాకు అప్పుడే తెలుసు. నేను ఏనాటికైనా నోరు జారి, వాడు పారిపోయిన సంగతి ఊళ్ళో చెబుతానని భయం. నన్ను ముందే నవ్వులపాలు చేసేస్తే నా మాట ఎవరూ వినరు. పిరికితనానికి అంత తెలివి ఎక్కణ్ణుంచి వస్తుందో!

గట్టు మీద రెండు వందల జతల చెప్పులు. తోలువి, రబ్బరువి, పట్టీ తెగి పిన్నీసు పెట్టినవి. మా నాన్న కూడా వచ్చి తన చెప్పులు విడిచాడు. నా మొహం చూడకుండా విడిచి, కర్ర పోటేసుకుంటూ జనంలోకి వెళ్ళిపోయాడు. ప్రభ కాలవలోకి దిగింది. ముందు కుడి బొంగు ఒకసారి కిందికి కుంగింది. గట్టు మీంచి నా భుజం దానంతటదే పైకి లేచింది.

ఆ ఏటి నుంచి ఈ ఏటి దాకా ఆ పంపకం మారలేదు. పెద్దాయన పోయాడు, భుజాలు పంచే పని ఆయన కొడుకు చేస్తున్నాడు. ఇప్పటి కుర్రాళ్ళు ప్రభ కింద నుంచుని సెల్ఫీలు తీసుకుంటారు, సాయంత్రానికి భుజానికి స్ప్రే కొట్టుకుంటారు. చెప్పుల దగ్గర మనిషి మాత్రం అతనే. ఎందుకు నిలబడ్డాడన్నది సగం మందికి తెలీదు, అది అతని పనేమో అనుకుంటారు. ఇన్నేళ్ళలో ఒక్కసారీ నోరు విప్పలేదు. ఒక్క మాట చాలు. వాడు వెనక గేటులోంచి పారిపోయాడు, బీపీ లేదు గీపీ లేదు, అంటే చాలు. కానీ ఆ మాట ఊళ్ళో పడితే జ్వరంలో పడుకుని లేచిన ఆ ఇల్లాలి చెవిన పడుతుంది. అందుకని చెప్పలేదు.

ఇక్కడిదాకా బాగానే రాసుకొచ్చాను. ఇక దోసిట్లో నీళ్ళు లేవు.

చేప సంగతి నిజమే. బస్సు, రూపాయి బిళ్ళ, ఆకుపచ్చ గౌన్లు, చెరుకురసం, నంది మాట, రెండు వందల జతల చెప్పులు, అన్నీ నిజమే. కల్పించింది ఒక్కటే. బల్ల మీద పడుకుని ఫ్యాను రెక్కలు లెక్కపెట్టినవాడు నా స్నేహితుడు. వెనక గేటులోంచి పోయినవాణ్ణి నేను. ఆ తువ్వాలు మడతపెట్టింది వాళ్ళ నాన్న. "పాపం" అన్న గొంతు నాది.

ఇరవై నాలుగేళ్ళుగా చెప్పులు కాసేవాడి భుజం మీద ఇంకా కాయ ఎందుకుంది అని మీలో ఎవరైనా అడుగుతారేమోనని మధ్యలో భయపడ్డాను. అది నా కాయే. వాడి చోటులో కాసింది. వాడి భుజం ఈపాటికి నున్నగా అయిపోయి ఉంటుంది.

ఉతికిన దుప్పటి, కాళ్ళ దగ్గర కూర్చోవడం కూడా కల్పనే. వాడింట్లో అలా జరిగిందో లేదో తెలీదు. మా ఇంట్లో మంచం మీద నలభై రోజులు పడుకున్నది మా ఆవిడ. విసనకర్ర పట్టుకున్న మంచి మొగుణ్ణి నేను.

ఇప్పుడు ఆ చూపు సంగతి. అల్లుడి విస్తట్లో పులుసు పోశాక ఆవిడ అడిగింది: "మీకు బీపీ ఏం లేదా బాబూ?" అల్లుడు తెల్లబోయి, "ఉందండి, రోజూ మాత్ర వేసుకుంటాను. బీపీకీ దీనికీ ఏంటండీ సంబంధం?" అన్నాడు. ఆవిడ నా వైపు చూసింది. కోపం లేదు. ఎప్పట్నుంచో తెలిసిన దాన్ని ఇంకోసారి సరిచూసుకున్నట్టు చూసింది. పెరుగు నాకు వెయ్యడం మర్చిపోయింది. మర్చిపోలేదు, వెయ్యలేదు.

వాడు ఎవరి కోసం నోరు కట్టుకున్నాడో ఆ మనిషికి మొదటి నుంచీ తెలుసు. మోసపోయినట్టు ఇంతసేపు గుండెలు బాదుకున్నది నేను. ఆ చోటు కూడా నాది కాదు. ముందు బొంగు లాక్కున్నట్టే దాన్నీ వాడి దగ్గర్నించి లాక్కుని, రెండు గంటలుగా రాసుకున్నాను.

అల్లుడి భోజనమైన మర్నాడు పొద్దున్నే వాడింటికి వెళ్ళాను. పెరట్లో కొబ్బరికాయ ఒలుస్తున్నాడు. గడ్డం తెల్లబడింది. అల్లుడి సంగతి చెప్పాను. బాగుంది అన్నాడు. వాడి పక్కన పీచు మీద కూర్చుని అన్నాను.

"ఈసారి తీర్థానికి నువ్వు ముందు బొంగు పట్టు బావా. ఊళ్ళో అందరికీ నేనే చెబుతాను, జరిగింది జరిగినట్టు. చెప్పుల దగ్గర నేను నుంచుంటాను."

వాడు ఒలిచిన కాయ పక్కన పెట్టి, ఇంకోటి తీసుకున్నాడు. దాన్ని చేత్తో ఊపి, లోపల నీళ్ళున్నాయో లేదో విన్నాడు.

"వద్దులే బావా. గట్టు మీద ఎండ ఎక్కువ. నీకసలే బీపీ."